అబ్బులు ఆపిన పెనాల్టీ

గేటు దగ్గర చెప్పులు విడిచి గ్రౌండులోకి వచ్చాడతను. చేతిలో కుట్లు వేయించిన బూట్లు.

"బావా, నాను దాలయ్యని. ఒక్క సీజను ఆడనిత్తావా?"

అబ్బులు నోట్లోంచి విజిలు తీశాడు. డాక్‌యార్డు రోడ్డులో ఓ షిప్పింగ్ కంపెనీ టీముకి కోచ్ అతను. టీములో చోటు దొరికితే కంపెనీలో ఉద్యోగం దొరికినట్టే. ఆ చోటు ఇవ్వాల్సింది అబ్బులే.

"ఏ దాలయ్య?"

"డెబ్భైరెండు ఫైనల్లో నీ మీద రెండు గోల్సు కొట్టినాను కదా. తలతోటి."

అబ్బులు మొహం వెలిగిపోయింది.

"ఒరే, ఇలా రండ్రా! నానాపిన పెనాల్టీ కొట్టినోడు ఈడే!"

కుర్రాళ్లంతా మూగారు. ఆ కథ వాళ్లకి కంఠతా వచ్చు. కొత్తగా చేరిన ప్రతివాడికీ ముందు జెర్సీ, వెంటనే ఆ కథ.

"కుడికాలు ఎత్తినాడు. బంతి తుపాకీగుండులా వొచ్చీసింది. నాను గాల్లోకి లేసినాను..."

ఏడాదికేడాదికీ ఆ బంతి జోరు పెరుగుతూనే ఉంది. మ్యాచ్ ఓడిపోయినా పెనాల్టీ ఆపినందుకు కంపెనీ దొర మెచ్చుకున్నాడు. అప్పటిదాకా రోజుకూలీగా ఉన్న అబ్బులు పర్మనెంటయ్యాడు. గర్వపడటంలో తప్పేముంది!

దాలయ్య నవ్వాడు. "బాగా ఆపినావు బావా."

"ఇన్నేళ్లూ ఏటి సేసినావు?"

"ఆటే. పిలిసినోళ్లకి ఆడీడమే. కాకినాడ, బొకారో, పారదీప్... సీజనుకి పిలుత్తారు, అయిపోగానే పొమ్మంటారు. మేచ్ గెలిసినా, ఆ పెనాల్టీ పోనాక మావోళ్లు ఉజ్జోగం ఇవ్వనేదు."

"వయసెంత?"

"నలభై దగ్గరికొచ్చినాను. పరుగు తగ్గింది గానీ బంతి పోనేదు. గోలు ముందర నిలబెట్టు సాలు, కొట్టి సూపిత్తాను."

కుర్రాళ్లు కిసుక్కుమన్నారు. వాళ్ల ముందు అబ్బులుకి హుషారు పుట్టింది.

"పెనాల్టీయే కొట్టలేనోడివి, ఇప్పుడేటి కొడతావు?"

దాలయ్య మొహంలో మార్పు లేదు.

"ఒక్కపాలి బంతియ్యి బావా. అప్పుడు పొమ్మను."

"టయం నేదు. ఎల్లు."

"సరే. బయట పారదీప్ లారీ ఉంది, ఎక్కేత్తాను. అక్కడా టీముంది. ఆట మాత్రం ఆపను."

నాలుగడుగులు వేసి వెనక్కి తిరిగాడు.

"పాప బాగుందా బావా? పెద్దదైపోయుంటాది."

"గౌరీశ్వరి ఇప్పుడు ఏడో క్లాసు. నీకెలా తెలుసు?"

"ఆయాల నువ్వే సెప్పినావు."

అంతే, వెళ్లిపోయాడు. గేటు దగ్గర చెప్పులు వేసుకుంటుండగా బంతి దొర్లుకుంటూ వచ్చి అతని ముందు ఆగింది.

"ఓ పెద్దాయనా, బంతి!" అని ఎవడో అరిచాడు.

దాలయ్య బూట్లు కింద పెట్టాడు. ఒట్టి కాలితో కొట్టాడు. బంతి గ్రౌండంతా దాటి గోలు పైమూలలో వలని లాగి తన్నింది.

దాలయ్య బూట్లు తీసుకుని బయటికి నడిచాడు.

అప్పుడే సైకిలు దిగుతున్న సన్యాసిరాజు పరిగెత్తుకొచ్చాడు. దాలయ్య ఊరైన సబ్బవరం నుంచి టీములో ఉన్నది అతనొక్కడే.

"గురూ, ఆయన మా పుర్రకాలి దాలయ్య కదా! ఎందుకొచ్చినాడు?"

"పుర్రకాలేటి?"

"ఎడంకాలే గురూ ఆయనకి. కుడికాలు సిన్నప్పుడే ఇరిగిపోనాది. నడవడానికి తప్ప పనికిరాదు. దాంతో బంతి తన్నగా మా ఊళ్లో ఎవుడూ సూణ్ణేదు."

అబ్బులు గేటు వైపు చూశాడు.

కథలో తను ఎప్పుడూ చెప్పని ముక్క ఇప్పుడు గుర్తుకొచ్చింది. దాలయ్య బంతి పెట్టి, ఎడంకాలితో కొట్టడానికి కుడిపక్కకి జరిగి నిలబడ్డాడు. గోలులో నిలబడ్డ అబ్బులు నోరు జారాడు.

"నిన్ననే కూతురు పుట్టింది బావా. ఈ గోలూ తింటే రేపట్నించి పన్లోకి రావొద్దన్నారు."

దాలయ్య బంతి చుట్టూ తిరిగి ఎడమపక్కకి వచ్చి, కుడికాలు ఎత్తాడు.

తుపాకీగుండూ కాదు, ఏమీ కాదు. బంతి మెల్లగా వచ్చి అబ్బులు చేతుల్లో పడింది.

అబ్బులు గేటు వైపు పరిగెత్తాడు.

"దాలయ్యా! బావా!"

రోడ్డు మీద లారీ లేదు. లేచిన దుమ్ము ఇంకా అణగలేదు.

పన్నెండేళ్లుగా తన ఇంటిల్లిపాదీ తింటున్న అన్నం ఆ పనికిరాని కుడికాలు పెట్టిందని అబ్బులుకి అప్పుడు తెలిసింది.