వేలం దరువు

“కొట్టరా!” అన్నాడు కోర్టు అమీను సంజీవరావు.

క్రీస్తుదాసు డప్పు ముట్టుకోలేదు. “నా కొంప వేలానికి నేనే దండోరా వెయ్యాలాండీ?”

“ఊళ్ళో డప్పు నీదొక్కటేనంటగా! దండోరా లేందే వేలం చెల్లదు. నువ్వు కొట్టకపోతే పక్కూరోణ్ణి పిలిపిస్తా. ఆ కూలి కూడా నీ బాకీలోనే కలుస్తుంది.”

ప్రేమమ్మ గడపకు అడ్డంగా కూర్చుంది. “అయ్యగారూ, మిరపకాయలు కల్లంలో ఎండుతున్నాయి. ఒక్క నెల ఆగితే అమ్మి కట్టేస్తాం.”

“నాకు చెప్పి ఏం లాభమమ్మా? డిక్రీ అయిపోయింది.”

నిరుడు కౌలుచేలో పత్తిని తెల్లదోమ తిన్నది. తనఖా పెట్టిన ఇంటిని ఇవాళ వెంకటనారాయణ తినబోతున్నాడు. అప్పిచ్చినవాడు తనే పాట పాడాలంటే కోర్టు అనుమతి కావాలి. ఆ గొడవెందుకని బావమరిది అంకమ్మరావుని పురమాయించి, తనకేమీ తెలియనట్టు పొద్దున్నే గుంటూరు పోయాడు. అంకమ్మరావు వినుకొండ బస్సుకి దిగుతాడు. వాడికి పోటీగా పాడే దమ్ము ఊళ్ళో ఎవడికీ లేదు. అందరి జుట్టూ వెంకటనారాయణ చేతిలోనే ఉంది మరి.

“పాటకి ఎవరూ రాకపోతేనో?” అడిగాడు క్రీస్తుదాసు.

“పన్నెండు దాకా చూస్తా. రాకపోతే వాయిదా. మళ్ళీ కోర్టు, మళ్ళీ నోటీసు... రెండు మూడు నెలలు. అయినా ఎందుకు రారు? వస్తార్లే.”

క్రీస్తుదాసు లేచాడు. ఎండుగడ్డి మంటేసి డప్పు కాచాడు.

“సిగ్గులేదూ నీకు!” ప్రేమమ్మ అరిచింది. “బిడ్డల నెత్తిమీద కప్పు అమ్మేదానికి డప్పు కాస్తన్నావా?”

“నువ్వు నోరు ముయ్యవే. అమీను గారూ, ఇంటి ముందు కొడితే చాలాండీ? బస్సు స్టాపు దాకా కొట్టుకుంటా పోనా?”

“పో పో. నలుగురికీ తెలవాలి.”

డప్పు మోగింది. నాలుగు దెబ్బలు పడేసరికి ప్రేమమ్మ తిట్టు గొంతులోనే ఆగిపోయింది. మొగుడి వంక తేరిపార చూసి, కొంగు నోట్లో కుక్కుకుంది. ఏడుస్తోంది పాపం అనుకున్నాడు సంజీవరావు. పుట్టిందీ పెరిగిందీ గుంటూరు కోర్టు పక్క సందులో. డప్పు మోగితే దండోరా అయినట్టే ఆయనకి. అలాగే రాసుకున్నాడు.

టీ తాగుదామని చూస్తే జాన్ బాషా కొట్టుకు తడిక దించుతున్నాడు.

“ఏంటయ్యా, పట్టపగలు మూసేస్తున్నావు?”

“ఇవాళ్టికింతేనండీ.”

చేలల్లోంచి కూలోళ్ళు పని ఆపి ఊళ్ళోకి వస్తున్నారు. ఒక్కరూ వేలం వైపు రావటం లేదు.

పదకొండున్నరకు బస్సు హారను వినిపించింది. డప్పు ఇంకా గట్టిగా మోగింది. ప్రేమమ్మ గడపను రెండు చేతులా పట్టుకుంది. అమీను వాచీ వంక చూస్తున్నాడు, ఆమె దారి వంక చూస్తోంది.

పన్నెండయింది. అంకమ్మరావు జాడ లేదు.

“ఏ పనీ సవ్యంగా చెయ్యరీ ఊళ్ళో!” అని విసుక్కుంటూ, పాడేవాళ్ళు లేరు, వాయిదా అని రాసి సంచి సర్దుకున్నాడు సంజీవరావు. అంతలో పెద్దవీధిలో గొల్లుమని ఏడుపు లేచింది. డప్పు భుజాన వేసుకుని క్రీస్తుదాసు వస్తున్నాడు. అతన్ని దాటుకుని జాన్ బాషా పరిగెత్తుకొచ్చాడు.

“అంకమ్మరావు వాళ్ళక్క గుమ్మంలో పడి దొర్లుతున్నాడండీ! బస్సు దిగి, ‘ఎవర్రా పోయింది?’ అని దాసునడిగాడు. దాసు పలకలా. వెంకటనారాయణ గారింటి వైపు చూసి తలొంచుకున్నాడు. తమ్ముడు ఏడుస్తా రావటం చూసి, గుంటూర్నించి కబురొచ్చిందనుకుని హనుమాయమ్మ గారూ మొదలెట్టింది!”

సంజీవరావు మొహం మాడిపోయింది. “ఏం కొట్టావురా నువ్వు?”

క్రీస్తుదాసు తువ్వాలుతో చెమట తుడుచుకున్నాడు.

“కొట్టమన్నారు, కొట్టానండి. దండోరా దరువో చావు దరువో మీరు చెప్పలేదు కదండీ!”