గది చప్పుడు

పినియోస్ నది పొంగి కింది ఊళ్లో ఐదుగురిని పొట్టన పెట్టుకున్న మరుసటి ఏడు అది. బడి గోడ మీద వేసిన ఆ వరద సినిమా అయిపోగానే, కింది ఊరివాళ్లు తీమియోస్ ముఖం చూడకుండా లేచి వెళ్లిపోయారు. ఆనకట్ట తలుపులు ఎత్తేది అతనే.

సినిమాలో, దాన్ని తీసిన ఆర్గిరిస్ గొంతు అడిగింది: “నీళ్లు వదిలేముందు వాళ్లకి కబురు చేశావా?” అందులో తీమియోస్ పలకలేదు. చేతులు చూసుకుంటూ అలాగే కూర్చున్నాడు.

ఇప్పుడు తీమియోస్ వెళ్లి ఆర్గిరిస్ మోచెయ్యి పట్టుకున్నాడు.

“ఆ ప్రశ్న నన్నెప్పుడు అడిగావురా?”

“ఇప్పుడవన్నీ ఎందుకు బాబాయ్? ఏథెన్స్‌లో బహుమతి కూడా ఇచ్చారు.”

“అడిగుంటే చెప్పేవాణ్ణి కదా! మూడుసార్లు ఫోన్ చేశాను, వాళ్ల ఊరి ప్రెసిడెంటు ఎత్తలేదు.”

“నీ మాట ఒక్కటైనా మార్చానా?”

అప్పుడు గుర్తొచ్చింది తీమియోస్‌కి. సినిమా తీసిన రోజు మాటలన్నీ అయ్యాక అతను సారా గ్లాసు అందుకోబోతుంటే ఆర్గిరిస్ ఆపాడు. “మాటల మధ్య అతకడానికి ఉత్త గది చప్పుడు పట్టుకోవాలి బాబాయ్. ఒక్క నిమిషం పలక్కుండా కూర్చో. ఎక్కడ తీసినా ఇలాగే చేస్తాం” అన్నాడు. వాడి కోసం దగ్గు కూడా మింగుకుని కూర్చున్నాడు తను.

“ఆ ప్రశ్న పక్కన అతికించింది ఆ నిమిషమేనట్రా?”

ఆర్గిరిస్ తల ఎత్తకుండా ప్రొజెక్టరు తీగలు చుడుతున్నాడు.

“ఇరవై ఏళ్లుగా తీస్తున్నాను బాబాయ్. ఇన్నాళ్లకి నా పేరు జనానికి తెలిసింది.”

“నాదీ తెలిసింది” అన్నాడు తీమియోస్.

మర్నాడు పొద్దున్నే అతను కింది ఊరి కాఫీ కొట్టుకి నడిచి వెళ్లాడు. కుర్చీ లాక్కుని అందరికీ ఎదురుగా కూర్చున్నాడు.

“ఆ ప్రశ్న మీరడగండి” అన్నాడు.