ఆరేళ్ల జవాబు

“పొద్దున నిజామాబాద్‌ల సినిమా సూసిన. అండ్ల మాటలు నువ్వే రాసినవు గదా?” అంది గంగామణి, బోధన్ బస్టాండు బెంచీ మీద భర్త పక్కన కూర్చుంటూ.

ఇరవై ఏళ్లుగా సినిమాలకు మాటలు రాస్తున్నా, పోశెట్టి పేరు ఒక్కసారీ తెర మీదికి రాలేదు.

“నేనే రాసిన్నని నీకెట్ల తెల్సింది? పేరు వెయ్యలే గదా!” అన్నాడు సంబరంగా.

“హీరోయిన్ ఇల్లిడిసి పోయేటప్పుడు ‘ఇంట్ల నా సప్పుడు లేదని నీకు ఎన్ని దినాలకు తెలుస్తదో’ అంటది. గది నేను నీతోని అన్న మాట.”

ఆరేళ్ల కిందట ఆమె ఆ మాట అని మాక్లూర్‌లోని తల్లిగారింటికి వెళ్లిపోయింది. అప్పుడతను రాస్తున్న కాగితాల మీంచి తల కూడా ఎత్తలేదు.

“తప్పే. నిన్ను అడగకుండ వాడుకున్న.”

“గందుకు రాలే నేను. సినిమాల మొగడు ‘నువ్వు గడప దాటకముందే తెల్సింది’ అంటడు. అందరు సప్పట్లు కొట్టిండ్రు. నేనొక్కదాన్నే ఏడ్సిన.” ఆమె అతని వైపు తిరిగింది. “గా మాట గా దినమే నాకెందుకు సెప్పలే?”

పోశెట్టి బస్సు వచ్చే దారి వైపు చూశాడు.

నిజామాబాద్ బస్సు వచ్చి ఆగింది. గంగామణి జవాబు కోసం అతని ముఖంలోకి చూస్తూ కండక్టర్ కేకేసేదాకా ఆగింది. తర్వాత ఎక్కి కూర్చుంది.

బస్సు మలుపు తిరిగాక పోశెట్టికి జవాబు తోచింది. చాలా మంచి జవాబు. మరిచిపోతానేమోనని గబగబా జేబులో పెన్ను కోసం వెతుక్కున్నాడు.