ఎద్దు వదిలి వెళ్లిన చిక్కం

ఎలుగుబంటి కళ్లంలో ఏళ్ల తరబడి పంట నూర్చిన ఎద్దు మీద గింజలు మేసిందని నింద పడింది. మర్నాడే పనిలోంచి తీసేశారు. ఎద్దు వెళ్లి, అడవిలో తగవులు తీర్చే తాబేలు దగ్గర మొరపెట్టుకుంది గానీ, తీర్పు రాకముందే దిగులుతో చచ్చిపోయింది.

విచారణ రోజున ఎద్దు భార్య ఆవు, దూడను వెంటబెట్టుకుని ఎలుగుబంటి కళ్లానికి వచ్చింది.

"తగువు ఎద్దుది. ఎద్దే లేదు. ఇంక నీతో నాకేం మాటలు?" అంది ఎలుగుబంటి.

"మరి నింద కూడా ఎద్దుతోనే పోయిందా?" అని అడిగింది తాబేలు.

"అదెలా పోతుంది? దొంగ దొంగే. అందుకే దాని కూలి కింద వీళ్లకు రావాల్సిన గడ్డి ఆపేశాను."

"నింద వీళ్లు మోస్తున్నప్పుడు జవాబు చెప్పే హక్కూ వీళ్లదే. చెప్పమ్మా."

ఆవు తాను కరుచుకొచ్చిన తాళ్ల చిక్కాన్ని కింద పెట్టింది. "మా ఆయన మాకు మిగిల్చింది ఇదొక్కటే. నూర్పుల్లో ఆయన మూతికి ఇదే కట్టేవారు."

"కట్టక మరి? పొద్దున కట్టానంటే పని అయ్యేదాకా విప్పను. నా కళ్లంలో ఇంతవరకూ ఏ ఎద్దూ గింజ ముట్టలేదు," అంది ఎలుగుబంటి గర్వంగా.

అన్నాక గానీ తానేమందో దానికి తెలియలేదు.

తాబేలు ఆ చిక్కాన్ని ఎలుగుబంటి ముందుకు జరిపింది. దూడ గడ్డివాము వైపు నడిచింది. ఎలుగుబంటి పక్కకు జరిగి దారిచ్చింది.