పద్నాలుగో రీలు

"ఇయ్య తమ్మీ. మా ఇంటాయన యాదికి మిగిలింది గిదొక్కటే," అంటూ ఉప్పలమ్మ తుప్పు పట్టిన రేకు డబ్బాను ఒళ్లోకి లాక్కుంది.

కాటమయ్య గడప మీదే కూలబడ్డాడు. పాత ఫైటింగ్ సినిమాలను వెతికి, బాగుచేసి, ఇంటర్నెట్‌లో అందరికీ చూపించేవాళ్ల దగ్గర నలభై ఏళ్ల కిందటి ఒక సినిమావి పదమూడు రీళ్లున్నాయి. లేనిదల్లా క్లైమాక్స్ ఉన్న పద్నాలుగోది. దానికోసమే అతను మగ్గం ఆపేసి, కట్టంగూర్ నుంచి బస్సులు మారి మారి మక్తల్ వచ్చాడు. టాకీసులో ఆపరేటర్‌గా చేసి కాలం చేసినాయన ఇల్లిది.

"అక్కా, అండ్ల మంటలకెళ్లి దుంకింది హీరో కాదు, నేను. నలభై ఏండ్ల సంది చెప్తున్న. ఇంట్ల పెండ్లామే నమ్మది."

"నువ్వా?" ఉప్పలమ్మ అతన్ని ఎగాదిగా చూసింది.

"దుంకేటప్పుడు విగ్గు ఊడింది. నా మొకం సాఫ్ కనవడ్తది. జర చూడరాదు!"

ఆమె అపనమ్మకంగానే మూత తీసింది. ఇద్దరూ ఫిల్మును ఎండకు పట్టి మూరలు మూరలుగా జరుపుతూ పోయారు. ఒకచోట ఆమె చెయ్యి ఆగింది. మంటలు. గాల్లో ఒక బక్క మనిషి. ఫిల్ము వైపు, కాటమయ్య వైపు రెండుసార్లు చూసి పకపకా నవ్వింది.

"గీ గద్దముక్కు నీదే! తీస్కపో తమ్మీ. లోకమంత చూడనీ."

ఆ బాగుచేసేవాళ్లు కూడా తనను అందరితోపాటు తెర మీదే చూడాలని, పేరు తప్ప ఇంకేమీ రాయకుండా రీలు పంపాడు కాటమయ్య.

రెండు నెలలకు సినిమా ఇంటర్నెట్‌లోకి ఎక్కింది. ఆదివారం పొద్దున వాడకట్టునంతా పిలిచాడు. కూతురు మానస ఫోన్‌ను టీవీకి కలిపింది. భార్య పుష్పమ్మ అందరికన్నా ముందు కూర్చుంది.

"నువ్వే అయితే రేపటి సంది చాయ్ మంచం కాడికే తెచ్చిస్త," అంది.

మంటలు లేచాయి. మనిషి దూకాడు. విగ్గు ఊడలేదు. చిరునవ్వు చెదరకుండా దూకుతున్నది... హీరోనే!

వాడకట్టు గొల్లున నవ్వింది. "ఇగ చాయ్ నువ్వే పెట్టుకో," అంటూ పుష్పమ్మ లేచింది.

కాటమయ్య టీవీ ఆపబోయాడు.

"ఆగు బాపూ, కింద ఏందో రాసిండ్రు," అని మానస గట్టిగా చదివింది: "ఈ అపురూపమైన రీలు అందించిన కాటమయ్య గారికి కృతజ్ఞతలు. ఇందులో ఒకచోట హీరోకు బదులు ఎవరో దారినపోయే మనిషి మొహం పడింది. కంప్యూటర్ సాయంతో ఆ తప్పు సరిదిద్దాం."