దిద్దని పెళ్ళి

తెరమీద కనిపించేదేదీ జనం నమ్మడం మానేశాక, ప్రతి సినిమాలోనూ దిద్దని పాత దృశ్యం ఒక్కటైనా ఉండాలని నిబంధన వచ్చింది. వాటిని వెతికిపెట్టే హిమజకు కాలికి బలపం కట్టుకుని తిరగడమే పనైంది. ఇంటింటా ఏఐకి చెప్పి పెళ్ళి వీడియోలు దిద్దించేసుకున్నారు మరి. అలిగిన బావగారు నవ్వుతున్నాడు, రాని మేనమామ అక్షింతలు వేస్తున్నాడు.

చివరికి నరసాపురంలో తాయారమ్మగారి పెళ్ళి వీడియో దొరికింది. అరవై ఏళ్ళ నాటిది, ఎవరూ ముట్టనిది. వానకు పందిరి కారుతోంది, కరెంటు పోయి వంటవాళ్ళు అరుస్తున్నారు. హిమజకు ప్రాణం లేచొచ్చింది.

"రేపు ఒప్పందం కాగితాలతో వస్తానండీ."

"భోజనం చేసి వెళ్ళమ్మా."

"టైం లేదండీ."

మర్నాడు వచ్చి చూస్తే పందిరి కారడం లేదు. దీపాలు ధగధగలాడుతున్నాయి.

"అయ్యో, ఏం చేశారండీ!"

"నలుగురూ చూసేది కదా, కాస్త బాగుచేయించాను."

"పాతది ఉందా?"

"దానిమీదే చేయించేశానమ్మా."

హిమజ నెత్తి పట్టుకుని కూలబడింది. అంతలో తెరమీద భోజనాల బంతి వచ్చింది. తను పుట్టకముందే జరిగిన ఆ పెళ్ళిలో, మూడో విస్తరి ముందు తనే కూర్చుని బూరెలో నెయ్యి పోయించుకుంటోంది.

"అంతదూరం నుంచి వచ్చి తినకుండా వెళ్ళిపోయావు. నాకు మనసొప్పలేదు," అంది తాయారమ్మ.

హిమజ కాగితాలు సంచిలో కుక్కేసి, చేతులు కడుక్కోవడానికి లేచింది.

"బూరెలు ఉన్నాయాండీ?"

"అవి దాంట్లోనే అమ్మా. మనకి దొండకాయ వేపుడు."