ఒక సైజు తక్కువ

“కేకు రుచి చూద్దాం రమ్మంటే రాలేదు. స్నేహితులమంతా భోజనం పెట్టుకుంటే ఎగ్గొట్టావు. తోడిపెళ్లికూతురంటే ఇలాగేనటే?” ఐర్లండ్‌లోని గాల్వే ఊళ్లో, గౌన్ల దుకాణంలో ఐలిష్ నిలదీసింది.

డెర్వ్లా పచ్చ పట్టుగౌను తొడుక్కుని వీపు తిప్పింది. “ముందు జిప్పు వెయ్యవే, తర్వాత తిడుదువుగాని.”

“నా పెళ్లంటే నీకంత చులకనా?” అంటూనే ఐలిష్ జిప్పు లాగింది. అది మెడదాకా సాఫీగా వెళ్లిపోయింది. నడుము దగ్గర పిడికెడు గుడ్డ ఇంకా మిగిలింది.

ఐలిష్ చెయ్యి ఆగిపోయింది. డెర్వ్లా ఎలాగైనా సన్నబడాలని, గౌను ఒక సైజు తక్కువ కుట్టమని దర్జీకి రహస్యంగా చెప్పింది ఐలిషే.

“పోయిన నెల ఇది ఒంటికి పట్టలేదే,” అంది డెర్వ్లా మెల్లగా. “నువ్వు తీసిన కొలతలేగా, నేనే లావెక్కాననుకున్నా. నీ ఫొటోలు పాడు చేస్తానేమోనని భయమేసి తిండి మానేశా. మీ మధ్య కూర్చుంటే తినకుండా ఉండలేను. అందుకే రాలేదు. ఇప్పుడు సరిపోయిందా?”

“వదులైందే,” అంది ఐలిష్.

అద్దంలో డెర్వ్లా మొహం వెలిగిపోయింది. “హమ్మయ్య. పెళ్లిదాకా ఇలాగే ఉంటాలే.”

“వద్దు, డెర్వ్లా. ఆ కొలతలు...” అంటూ ఐలిష్ గుండుసూదులు వెతుకుతున్నట్టు తల దించుకుంది.